రాగి తీగ చుట్టిన తుపాకి

మేస్త్రీకి ఇంకా రెండు గంటల ఇరవై నిమిషాలు మిగిలాయి. ఐదింటికి మేజిస్ట్రేటు లేచి వెళ్ళిపోతారు. ఈలోగా అతన్ని ఆయన ముందు నిలబెట్టి, రెండు సెక్షన్లూ చదివించి, జైలుకి పంపేయాలని స్టేషన్ ఇన్‌స్పెక్టరు పట్టుదల. ఆ రెండిట్లో ఏది నిజమో ఈలోగానే తేల్చుకోవాలని క్రైం విభాగం నుంచి వచ్చిన ఆమె పట్టుదల.

ఆమెను వెనకాల అందరూ నిమిషాలమ్మ అంటారు. ఎప్పుడు జరిగిందని అడిగితే ఎవరైనా 'పొద్దున' అని తప్పించుకోబోతే ఊరుకోదు. పొద్దునంటే ఎన్ని గంటల ఎన్ని నిమిషాలకని నిలదీస్తుంది. ఆ పేరు ఆమె చెవిన పడకపోలేదు. పేరు పెట్టినవాళ్ళు టైముకి పనిలోకి వస్తున్నారు కదా, అంతే చాలనుకుంది.

ఎనిమిది రోజుల కింద టైర్ల గోడౌన్‌లో ఒక మనిషిని కాల్చి చంపారు. ఆ కేసు ఆమెది. చచ్చిపోయినాయన టైర్ల వ్యాపారంలో భాగస్వామి. రెండో భాగస్వామిని బజారులో అందరూ టైర్లాయన అంటారు. ఆయన ఎనిమిది రోజులుగా ఎర్రటి కళ్ళతో తిరుగుతున్నాడు. గుండు దొరికింది, తుపాకి దొరకలేదు. ఇవాళ పొద్దున తొమ్మిదీ ఇరవైకి, తన కొట్టుకి ఎదురుగా తుపాకులు బాగుచేసే మేస్త్రీ కిటికీలోంచి తనమీదికి తుపాకి గురిపెట్టాడని అదే టైర్లాయన ఫిర్యాదు చేశాడు. పదీ ఐదుకి హెడ్ కానిస్టేబుల్‌తో పోలీసులు వెళ్ళారు. రిజిస్టర్లో లేని పొడవు తుపాకి ఒకటి మేస్త్రీ బల్ల దగ్గర దొరికింది. మూట కట్టి అట్నుంచి అటే లాబ్‌కి పంపించారు.

ఇప్పుడు ఆ మేస్త్రీ ఆమె ఎదురుగా కూర్చున్నాడు. వయసు అరవై దాటింది. గోళ్ళ సందుల్లో ఎన్నేళ్ళ నూనో నల్లగా నిలిచిపోయింది.

"తొమ్మిదీ ఇరవైకి మీరెక్కడున్నారు, మేస్త్రీగారూ?"

"షాపులో అమ్మా. కిటికీ దగ్గర. టీ తాగుతున్నాను."

"చేతిలో తుపాకి ఉందా?"

"గ్లాసుంది."

"రెండో చేతిలో?"

"రెండోదీ గ్లాసుకే. ఈమధ్య ఒక్క చేత్తో పట్టుకుంటే వణుకుతోంది."

"వణికే చేతుల్తో తుపాకులెలా బాగుచేస్తున్నారు?"

"పనిముట్టు పట్టుకుంటే వణకవు."

ఆమె కలం మూత తీసి మళ్ళీ పెట్టింది. కూర్చుంటే కాలు ఊరికే ఆడుతోంది. లేచి గోడ వరకూ వెళ్ళి వచ్చింది.

"ఆ పొడవు తుపాకి అప్పుడు ఎక్కడుంది?"

"బల్ల మీద. పనిలో ఉంది."

"ఎప్పుడొచ్చింది?"

"మొన్న సాయంత్రం. ఆరూ పదికి."

"ఎవరు తెచ్చారు?"

ఇంతసేపూ ప్రశ్న పూర్తికాకముందే జవాబిచ్చిన మనిషి ఈసారి ఆగాడు. చూపు గోడ మీదికి పోయింది. ఆ గోడ మీద చూడాల్సిందేమీ లేదు.

"గుర్తు లేదమ్మా."

"వచ్చిన నిమిషం గుర్తుంది. తెచ్చిన మనిషి గుర్తు లేడు."

"వయసైపోయింది కదా."

అబద్ధం ఆడటం కూడా పనే. అలవాటు లేని చేతికి అది లొంగదు. ఆమె వాదించలేదు. బల్ల మీదున్న రిజిస్టరు తెరిచింది. వచ్చిన తుపాకి, తెచ్చిన మనిషి, లైసెన్సు నంబరు, జబ్బేమిటి, ఎప్పుడిచ్చేశారు అని అయిదు గళ్ళు. ముత్యాలు పేర్చినట్టు గుండ్రటి దస్తూరి. నాలుగు నెలల కింద ఒక మంగళవారంతో అది ఆగిపోయింది. ఆ తర్వాత రోజుకొక తేదీ, వంకరటింకర అక్షరాల్లో. తేదీ పక్కన ఖాళీ. పేజీల కొద్దీ ఖాళీ.

"ఈ పై దస్తూరి?"

"మా ఆవిడది."

"ఈ తేదీలు?"

"నేనే వేశాను. నేను చెప్పేవాణ్ణి, తను రాసేది. ముప్పై రెండేళ్ళు అలాగే. తను పోయాక సాయంత్రం కొట్టు కట్టేముందు తెరిచి తేదీ వేసేవాణ్ణి. అక్కడితో… తర్వాతేం రాయాలో తెలీక కాదు. పోనీయండమ్మా. తప్పు తప్పే."

ఆమె పేజీని వెలుతురుకి వాలుగా పట్టుకుంది.

"మొన్నటి తేదీ పక్కన కలం ఆనించారు. ఇంకు ఊరి మచ్చ పడింది. నాలుగు నెలల్లో మరే రోజునా ఈ మచ్చ లేదు. మొన్న రాయబోయారు, ఎందుకో ఆగారు."

మేస్త్రీ చేతులు రెండూ బల్ల కిందికి దించేసుకున్నాడు.

తలుపు తట్టకుండానే తెరుచుకుంది. స్టేషన్ ఇన్‌స్పెక్టరు. ఇద్దరూ ఒకే ఏడాది శిక్షణ పొందారు. అప్పట్నుంచే ఆయనకి తొందర అని పేరు. పరీక్షలో ప్రశ్న చదవకుండా జవాబు మొదలెట్టేవాడు. చిత్రంగా సగంసార్లు అది సరైన జవాబయ్యేది.

"అయిందా కాలక్షేపం?" అన్నాడు. "టైర్లాయన నా గదిలో ఉన్నాడు. అడగాల్సినవేమైనా ఉంటే గబగబా అడిగేయ్. మనుషులకి పనులుంటాయి."

*

టైర్లాయన కుర్చీ అంచున కూర్చుని నుదురు తుడుచుకుంటున్నాడు. ఆమెను చూడగానే లేచి నిలబడ్డాడు.

"కూర్చోండి. తొమ్మిదీ ఇరవై అని ఎలా చెప్పగలరు?"

"షట్టరు తీసి అప్పుడే గడియారం చూసుకున్నానమ్మా. వెనక్కి తిరిగేసరికి కిటికీలోంచి తుపాకి గొట్టం నా గుండెల మీదికి."

"మీకూ కిటికీకీ మధ్య ఎంత దూరం?"

"పన్నెండు అంగలు. ఎక్కువుండదు."

"ఎంతసేపు గురిపెట్టాడు?"

"ఎంతసేపేమిటమ్మా, ప్రాణం మీదికొచ్చినప్పుడు రెండు క్షణాలు రెండేళ్ళు."

"తుపాకి ఎలా ఉంది?"

"పొడుగ్గా, పాతకాలంది. భుజానికి ఆనించే కర్ర మెడ దగ్గర విరిగినట్టుంది, రాగి తీగ చుట్టుంది. ఎండ పడి తళతళలాడింది. పది పదకొండు చుట్లుంటాయి."

"లెక్కపెట్టారా?"

టైర్లాయన దీనంగా నవ్వాడు. "భయంలో కళ్ళు పెద్దవవుతాయి కదమ్మా. ఆ మెరుపు ఇప్పటికీ కళ్ళముందే ఉంది. మా వాణ్ణి చంపిందీ అదేనేమో. ఇక నా వంతని చూపించాడేమో."

"మేస్త్రీకి మీ భాగస్వామితో ఏం తగువు?"

"మనసులో ఏముందో మనకేం తెలుస్తుందమ్మా. భార్య పోయాక మనిషి మారిపోయాడని బజారంతా అంటోంది."

తొందర ఆయన భుజం తట్టి వరండా దాకా సాగనంపి, సంతకాల దగ్గర కూర్చోబెట్టి వచ్చాడు. వస్తూనే తలుపు మూశాడు.

"చూడు. ఇందులో చిక్కేమీ లేదు. తుపాకి ఖాళీదైనా సరే, పేలదని తనకి తెలిసినా సరే, మనిషి మీదికి గురిపెడితే నేరం. అది ఒక సెక్షను. మరమ్మతు లైసెన్సున్నా రిజిస్టరుకెక్కని తుపాకి దగ్గర పెట్టుకుంటే అక్రమమే. అది రెండో సెక్షను. మొదటిదానికి జుల్మానాతో బయటపడతాడేమో గానీ రెండోదానికి ఏళ్ళు. బెయిలుండదు."

"షాపులో ఇంకో మూడు తుపాకులున్నాయి. అవీ రిజిస్టర్లో లేవు. వాటి యజమానుల కాగితాలు మాత్రం సరిగ్గా ఉన్నాయి."

"అయితే ఇంకో మూడు నేరాలు. గుర్తుచేసి పుణ్యం కట్టుకున్నావు."

"దగ్గర పెట్టుకోవడమంటే అదేమిటో, ఎవరిదో తెలిసి పెట్టుకోవడం. నువ్వు ఆ రెండో సగం అడగలేదు."

"అడిగాను. గుర్తు లేదన్నాడు. గుర్తు లేదన్నవాడే దొంగ."

"గుర్తు లేదన్నవాడు భయస్తుడూ కావచ్చు. నువ్వు జప్తు చేసిన తుపాకిని కళ్ళతో చూశావా?"

"మూట చూశాను. హెడ్డుగారు చూశారు, చాలదా? నువ్వు ఎనిమిది రోజుల్నించి నిమిషాలు లెక్కపెడుతున్నావు. నేను నలభై నిమిషాల్లో తుపాకి పట్టుకొచ్చాను. అదీ నీ బాధ."

బల్ల మీద ఫోను మోగింది. తొందర విన్నాడు. వింటున్నకొద్దీ వెన్ను నిటారుగా అయింది. ఫోను పెట్టేసి, ఈసారి తొందర లేకుండా, ఒక్కొక్క మాటే అన్నాడు.

"గోడౌన్‌లో దొరికిన గుండు ఈ తుపాకిదే. మూడూ పదిహేను. రాసుకో, నీకిష్టం కదా."

ఆమె రాసుకుంది కూడా.

"ఇప్పుడు సెక్షన్లు రెండు కాదు, మూడు," అన్నాడు. "నాలుగున్నరకి జీపు కదులుతుంది. మేస్త్రీ అందులో ఉంటాడు."

"హెడ్డుగార్ని నాతో పంపించు. షాపు తాళం కూడా."

"పట్టుకెళ్ళు. వచ్చేటప్పుడు తుడిచి కడిగి రా."

*

షాపు నడిచి వెళ్ళే దూరమే. మూడూ ఇరవై ఏడుకి తాళం తీశారు. హెడ్డుగారు సర్వీసు చివర్లో ఉన్న మనిషి. మోకాళ్ళ నొప్పి, మెత్తటి మాట. ఆమె నడకకి అందుకోలేక గుమ్మంలో నిలబడి ఆయాసం తీర్చుకున్నాడు.

రెండే గదులు. ముందు గదిలో బల్ల, దాని వెనక మెత్త వేసిన కుర్చీ. మెత్త మీద దుమ్ము లేదు. ఆవిడ కుర్చీని మేస్త్రీ ఇప్పటికీ రోజూ దులుపుతున్నాడన్నమాట. పక్క గది పనిగది, దాని కిటికీ వీధివైపు. గోడకి ఆకురాళ్ళు, సుత్తులు, సన్నటి ఉలులు, ఒక్కోదానికి ఒక్కో మేకు. కిరసనాయిలు వాసన. బీరువాలో మూడు తుపాకులు, వాటికి యజమానుల వివరాలు రాసిన అట్టముక్కలు. బల్ల అంచున బిగించిన వైసు, పనిలో ఉన్న వస్తువుని కదలకుండా పట్టే ఇనుప దవడలు. కిటికీ పక్కనే టీ గ్లాసు, అడుగున ఎండిన మరక.

ఆమె కిటికీ దగ్గర నిలబడి ఎదురు కొట్టు దాకా అంగలు లెక్కకట్టింది. పన్నెండు. ఆ మాట నిజమే.

"హెడ్డుగారూ, పదీ ఐదుకి మీరు లోపలికొచ్చారు. తుపాకి ఎక్కడుంది?"

"వైసులో, మేడమ్."

"వైసులో ఎలా?"

"కర్రని అటూ ఇటూ చెక్కముక్కలు పెట్టి బిగించాడు. ఊడదీయడానికి ఇంత శ్రమ పడ్డాను. మేస్త్రీ పక్కనే నిలబడి 'ఇంకా ఆరలేదు బాబూ, సాయంత్రం దాకా కదపకూడదు' అంటూనే ఉన్నాడు. నేను వినిపించుకోలేదు. సారు తొందర మీకు తెలుసు కదా."

"ఆరలేదంటే? ఏమిటి ఆరాల్సింది?"

"జిగురు. కర్ర విరిగిన చోట జిగురు పెట్టి, పురికొస చుట్టాడు. బిర్రుగా, వరసగా, చీర అంచు కుట్టినట్టు."

ఆమె అటూ ఇటూ నడవడం ఆపేసింది.

"రాగి తీగా, పురికొసా?"

"పురికొస, మేడమ్. ఈ చేతుల్తోనే తుపాకి ఊడదీశాను. రాగి తీగెక్కడిది?"

"జప్తు కాగితంలో అది రాశారా?"

"పొడవు తుపాకి ఒకటి అని రాశాను. అంతకంటే రాస్తే చెయ్యి నొప్పని…" ఆయన మాట మింగేశాడు.

ఆమె వంగి వైసు కింద చూసింది. ఇనుప రజను, చెక్క పొట్టు, వాటితోపాటు చెత్తడబ్బాలో ఎర్రగా మెరిసే ముక్కలు. కాగితం పరిచి వాటిని దులిపింది. రాగి తీగ. చుట్టిన తీగని ఒకవైపు కత్తిరించి విప్పేస్తే ఉంగరాల్లా విడివిడిగా ఊడిపోతాయి. అలాంటి ఉంగరాలు. ఒక్కొక్కటే లెక్కపెట్టింది. పదకొండు.

"అంటే ముందు రాగి తీగుండేది," అన్నాడు హెడ్డుగారు నెమ్మదిగా. "మేస్త్రీ కోసేసి జిగురు పెట్టాడు."

"కోసింది ఎప్పుడనేదే ప్రశ్న. తొమ్మిదీ ఇరవైకి గురిపెట్టి, మీరు రావడం చూసి గబగబా కోసి జిగురు పూశాడని మీ సారు అంటారు. అనకుండా ఉండరు."

బల్ల మీద జిగురు డబ్బా ఉంది. దాని మీది సూచనలు చదివింది. రెండు రకాలు కలిపి రాయాలి, గట్టిపడటానికి పది గంటలు, పూర్తి బలం రావడానికి ఒక రోజు. డబ్బా పక్కన ఒక రేకు మూత. కలిపినదాంట్లో మిగిలింది మేస్త్రీ ఆ మూతలో ఉంచినట్టున్నాడు. పని మీద చెయ్యి వేయకుండా ఈ మిగులు మీద గోరుతో తట్టి చూసుకోవడం ఈ పనివాళ్ళ పద్ధతి. మూతలోది ఎంత ఆరితే కర్రలోదీ అంతే ఆరినట్టు. ఆమె గోరుతో తట్టింది. గాజులా మోగింది.

ఇప్పుడు గట్టిగా ఉంటే సరిపోదు. పొద్దున పదీ ఐదుకే గట్టిగా ఉందని ఎవరు చెబుతారు? మూతని కిటికీ వెలుతురులోకి పట్టుకెళ్ళింది. మధ్యలో గుండ్రటి నల్లటి మరక. దాని చుట్టూ బూడిద.

"మేస్త్రీ సిగరెట్ తాగుతాడా?"

హెడ్డుగారు కాళ్ళు మార్చుకుని నిలబడ్డాడు. "లేదు మేడమ్. అది… నేనే. జప్తు చేసే చోట తాగకూడదని తెలుసు. ఆష్‌ట్రే అనుకుని అందులో ఆర్పాను."

"ఎప్పుడు?"

"వచ్చిన ఐదు నిమిషాలకి. పదీ పదికి."

"ఆర్పితే అంటుకుందా?"

"లేదు మేడమ్. రాయి మీద ఆర్పినట్టే ఉంది."

ఆమె చూపుడువేలితో బూడిద కొద్దిగా తుడిచింది. వచ్చేసింది. కింద జిగురు నున్నగా ఉంది, గుంట లేదు. పదీ పదికే ఇది రాయి. పది గంటలు వెనక్కి లెక్కేస్తే ఎంత ఆలస్యంగా అనుకున్నా రాత్రి పన్నెండూ పదికి ముందే కలిపి ఉండాలి. జిగురు కలిపేనాటికి తీగ లేదు. తొమ్మిదీ ఇరవైకి ఆ తుపాకి మెడకి పురికొస ఉంది, అదీ వైసు దవడల మధ్య. ఎండలో తళతళలాడే పదకొండు చుట్లు చూసిన మనిషి వాటిని ఇవాళ చూడలేదు. తుపాకి మేస్త్రీ చేతికి రాకముందే చూశాడు.

"తప్పు చేశారు, హెడ్డుగారూ," అంది మూతని కాగితంలో చుడుతూ.

"క్షమించండి మేడమ్."

"మీ సర్వీసు మొత్తంలో ఇంత పనికొచ్చే తప్పు ఇంకోటి చేసుండరు. సిగరెట్ పీక ఎక్కడ?"

"జేబులో పెట్టుకున్నా. సగం మిగిలింది కదా అని."

"ఇవ్వండి. మిగతా సగం కోర్టు తాగుతుంది."

*

నాలుగూ పన్నెండుకి తొందర బల్ల మీద ఆమె మూడు పొట్లాలు విప్పింది. తీగ ఉంగరాలు, రేకు మూత, సగం సిగరెట్. తొందర వాటిని చూశాడు, ఆమెను చూశాడు.

"ఏమిటిది, బొమ్మరిల్లు ఆటా?"

ఆమె చెప్పింది. ఒకటి తర్వాత ఒకటి, నిమిషాలతో సహా. చెబుతున్నంతసేపూ తొందర కలాన్ని బల్ల మీద తాటిస్తూనే ఉన్నాడు.

"తీగ ముక్కలు ఎక్కణ్ణించైనా తేవచ్చు."

"తేవచ్చు. టైర్లాయన చుట్ల లెక్క నాకు చెప్పింది నీ ముందే. హెడ్డుగారు పురికొస చూసింది నేను రాకముందే. లాబ్‌కి ఫోన్ చేసి కర్ర మెడ దగ్గర ఏముందో అడుగు. వాళ్ళు నా మనుషులు కారుగా."

"లాబ్ చెప్పాల్సింది చెప్పింది. మనిషిని చంపింది ఈ తుపాకే."

"లాబ్ తుపాకి సంగతి చెప్పింది. పట్టుకున్న చేతి సంగతి చెప్పలేదు."

తొందర లాబ్‌కి ఫోన్ చేశాడు. 'కర్ర మెడ దగ్గర' అని మొదలుపెట్టి, తర్వాత ఒక్క 'ఊ' కూడా అనకుండా విన్నాడు. ఫోను పెట్టేసి కలం పక్కన పడేశాడు.

"పురికొసే," అన్నాడు. "నలభై నిమిషాల్లో పట్టుకొచ్చానని పెద్దాఫీసుకి కూడా చెప్పేశాను," అన్నాడు. ఆ మాట ఆమెతో కాదు, తనతోనే.

"మేస్త్రీ దగ్గరికి టైర్లాయన స్వయంగా వెళ్ళలేదు," అంది ఆమె. "వెళ్ళుంటే మేస్త్రీ ఆ పేరు ఎప్పుడో చెప్పేవాడు. తన మీద నేరం మోపినవాణ్ణి ఎవరు దాస్తారు? మోసుకొచ్చింది వేరే మనిషి. మేస్త్రీ జైలుకెళ్ళడానికైనా సిద్ధపడేంత దగ్గరవాడు. ఆయనకి పిల్లలున్నారా?"

"లేరు," అన్నాడు గుమ్మంలో నిలబడ్డ హెడ్డుగారు. "బావమరిదొకడున్నాడు మేడమ్, ముప్పై ఏళ్ళవాడు. తల్లి లేకపోతే ఆ అక్కే పెంచింది. టైర్ల కొట్టులో వ్యాన్ నడుపుతాడు."

తొందర కుర్చీలోంచి లేచాడు.

"మేస్త్రీని తీసుకురండి," అంది ఆమె.

*

నాలుగూ ఇరవై. మేస్త్రీ వచ్చి నిలబడ్డాడు. కూర్చోమన్నా కూర్చోలేదు.

"మేస్త్రీగారూ, గురిపెట్టలేదన్న మీ మాట నిజమని తేలింది. రిజిస్టరు రాయని తప్పు మీదే. దానికి మీరు జవాబు చెప్పుకోవాలి. హత్య మాత్రం మీ నెత్తిన ఉండనివ్వను. ఆ తుపాకిని మీ బావమరిది తెచ్చాడు. అవునా?"

మేస్త్రీ మళ్ళీ గోడ వైపు చూశాడు.

"మీరు మాట్లాడకపోతే అతను తప్పించుకుంటాడనుకుంటున్నారు. ఆలోచించండి. ఈ తుపాకి ఫలానా వాళ్ళదని చెప్పగలిగినవాడు లోకంలో ఒక్కడే. ఎవరిదో వాడికి తెలుసు. వాడికి తెలుసన్న సంగతి టైర్లాయనకీ తెలుసు."

మేస్త్రీ నెమ్మదిగా కుర్చీ వెనక పట్టుకున్నాడు.

"మొన్న వాడే తెచ్చాడు," అన్నాడు. "మా ఓనరుది బావా, పాతది, చిన్న పని, రాయక్కర్లేదు అన్నాడు. రాద్దామని కలం తీశాను. వాడు నా చెయ్యి పట్టుకుని ఆపాడు. అచ్చం వాళ్ళక్క చెయ్యి. ఆపేశాను. నిన్న అయిదింటికి తీగ కోసి జిగురు పెట్టాను. పొద్దున పోలీసులొచ్చాక గానీ అర్థం కాలేదు. వాడికీ ఇందులో చెయ్యుందేమోనని భయమేసింది. తను పోయేముందు నన్నడిగింది ఒక్కటే. వాణ్ణి చూసుకోమని. ఇంకేమీ అడగలేదు."

"ఇప్పుడెక్కడున్నాడు?"

జవాబు తొందర నుంచి వచ్చింది. మొహం పాలిపోయి ఉంది.

"ఇక్కడికే వచ్చాడు. మూడున్నరకి, నువ్వు షాపులో ఉన్నప్పుడు. మేస్త్రీకి బట్టలు తెచ్చాడు. నాతో ఏదో చెప్పాలన్నాడు. ఏడుస్తున్నాడు. నాకు టైం లేదు, కూర్చోమన్నాను. టైర్లాయన సంతకాలు చేసి లేస్తూ 'మా వాడే సార్, నేను చూసుకుంటా' అని కారెక్కించుకుని తీసుకెళ్ళాడు. మంచి మనిషి అనుకున్నాను," అన్నాడు.

ఆమె మేస్త్రీని నంబరు అడిగి కలిపింది. మోగింది, మళ్ళీ మోగింది, అవతల కట్ చేశారు. ఇంకోసారి కలిపితే ఫోను ఆపేసి ఉంది. నాలుగూ ఇరవై ఆరు.

అర నిమిషం గడవకముందే తొందర ఫోను మోగింది. తెరమీద టైర్లాయన పేరు. తొందర ఫోను వైపు చూశాడు, తర్వాత ఆమె వైపు చూశాడు. ప్రశ్న చదవకుండా ఏనాడూ ఆగని మనిషి.

"ఏం చెప్పను?"

"అందరికీ వినపడేలా పెట్టు. మామూలుగా మాట్లాడు. కేసు నిలబడాలంటే డ్రైవరు సంతకం కూడా కావాలని చెప్పు. మేస్త్రీ తుపాకి దాచడం చూశానని వాడు చెబితే మేస్త్రీకి ఇక దారి లేదని చెప్పు. వాడు బతికుంటేనే తనకి లాభమని ఆయనకి తోచాలి. ఆరుగంటల వరకూ ఆగేలా."

తొందర ఒక్క ఊపిరి పీల్చి ఫోనెత్తాడు.

"సార్, నేనే," అంది టైర్లాయన గొంతు, తీరిగ్గా. "ఐదింటికి కోర్టుకి నేను కూడా రావాలా? గోడౌన్‌లో చిన్న పనుంది."

"మీరు అక్కర్లేదు," అన్నాడు తొందర. "మీ డ్రైవరు కావాలి. వాడి సాక్ష్యం ఉంటేనే మేస్త్రీ మీద కేసు గట్టిగా నిలుస్తుంది. లేకపోతే రేపే బయటికొస్తాడు. ఆరింటికి స్టేషన్‌కి తీసుకురండి."

అవతల దూరంగా ఏదో రేకు తలుపు గాలికి కొట్టుకుంటున్న చప్పుడు.

"డ్రైవరా," అన్నాడు టైర్లాయన ఆలోచిస్తున్నట్టు. "సరే సార్. ఆరింటికి కదా. తీసుకొస్తా."

మాట అయిపోయింది, ఫోను ఇంకా ఆగలేదు. ఆ రెండు క్షణాల్లో ఒక చప్పుడు వినపడింది. పొట్టిగా, బరువుగా, ఇనుము ఇనుములోకి కూర్చున్నట్టు. తర్వాత లైను తెగింది.

ఆమె అప్పటికే తలుపు తీసింది. హెడ్డుగారు జీపు తాళాల కోసం జేబులు తడుముకుంటున్నాడు.

"ఒప్పుకున్నాడు," అన్నాడు తొందర. "ఆరుదాకా ఏం చెయ్యడు. టైముంది."

మేస్త్రీ తల అడ్డంగా ఊపాడు. కుర్చీ వెనక పట్టుకున్న చేతులు రెండూ నిశ్చలంగా ఉన్నాయి.

"ఆ చప్పుడు రెండు గొట్టాల తుపాకిది," అన్నాడు. "తెరిస్తే ఒక చప్పుడు, మూస్తే ఒక చప్పుడు. ముప్పై ఏళ్ళు విన్నాను."

"ఇదేది?" అంది ఆమె.

"మూసినది," అన్నాడు మేస్త్రీ. "గుండ్లు వేశాకే మూస్తారమ్మా."